మా ఇంటి దొర గొంతు

మా ఆయన పెద్దకర్మ నాడు, భోజనాలయి చుట్టాలు చేతులు కడుక్కుంటుంటే కాలేజీలో చదివే మా పాప ఫోన్ తీసింది. "అందరూ రోంతసేపు ఉండండి. నాయన మాట విని పోదురు" అంది. దండ వేసిన ఫొటోకు ఫోన్‌ను ఆనించి పెట్టింది. అది ఒక సినిమాలోని చిన్న ముక్క. తెల్ల కోటు వేసుకున్న మా ఆయన ఒక పిల్లను ఒళ్లో కూర్చోబెట్టుకుని, ముద్ద కలిపి పెడుతూ, "పాపా, నువ్వు అన్నమ్ టినాలి. నువ్వు పెడ్డ అవ్వాలి" అంటాడు.

దూరపు చుట్టాలు కళ్లు తుడుచుకున్నారు. దగ్గరివాళ్లు మాత్రం నా మొహం చూశారు. నేను తల తిప్పుకుని పెరట్లోకి పోయాను. నీళ్ల తొట్టి దగ్గర నిలబడి, కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చాను. మొగుడు పోయిన రోజు నుంచీ ఏడుస్తూనే ఉన్నాను గానీ ఆ ఏడుపు వేరు, ఈ ఏడుపు వేరు. ఫోన్‌లో కనిపించే మొహం మా ఆయనదే. గొంతు మాత్రం మద్రాసులో ఉండే వేరే మనిషిది. మా ఆయన అట్లా వచ్చీరాని తెలుగు ఎప్పుడూ మాట్లాడలేదు.

పాపకు ఊహ తెలిసేసరికే వాళ్ల నాయన గొంతు పోయింది. జబ్బు చేసి ఆపరేషన్‌లో తీసేశారు. సినిమాల్లో వినిపించే ఆ అరువు గొంతునే నాయన గొంతనుకుని అది పెరిగింది. ఆయన ఉన్నన్నాళ్లూ ఈ సంగతి నన్ను ఇంతగా కోయలేదు. మనిషి కళ్ల ముందర తిరుగుతున్నాడు కదా అనుకునేదాన్ని. ఆ రోజు తొట్టి దగ్గర నిలబడి ఒకటే పట్టు పట్టాను. ఈ పిల్లకు వాళ్ల నాయన సొంత గొంతు ఒక్కసారైనా వినిపించాలి. అంతమంది సినిమావాళ్లకు పని చేసిన మనిషి ఎక్కడో ఒకచోట ఒక్క మాటైనా వదిలిపెట్టి ఉండడా అనుకున్నాను.

ఆయనది పోలండు. మాది ధర్మవరం, పట్టు నేసే ఇల్లు. ఈ రెండింటికీ ముడి ఎట్లా పడిందని అడగనివాళ్లు లేరు. వాళ్ల దేశంలో ఆయన నాటకాలు వేసేవాడు. పొట్ట కోసం ఒక టీవీ కంపెనీలో గొంతు ఉద్యోగం కూడా చేసేవాడు. అక్కడ పరాయి భాష సినిమా టీవీలో వేస్తే, పాత్రలందరి మాటలూ ఒక్క మనిషే చదువుతాడట. హీరో మాటా ఆయనే, హీరోయిన్ మాటా ఆయనే, దొంగా ఆయనే, పసిబిడ్డా ఆయనే. అది కూడా రైల్వే స్టేషన్‌లో బండి వచ్చే సంగతి చెప్పినట్టు, ఏ భావమూ లేకుండా చదవాలట. ఈ మాట మొదటిసారి విన్నప్పుడు మా నాయన మగ్గం ఆపి మరీ నవ్వాడు.

"మా నిమ్మలకుంట తోలుబొమ్మలాయన కూడా అంతే కదప్పా. రాముడూ ఆయనే, రావణుడూ ఆయనే. కానీ మావోడు ఏడ్సేకాడ ఏడుస్తాడు. మీవోడు ఏడవడా?"

"ఏడవకూడదు నాయనా. ఏడిస్తే ఉద్యోగం పోతాది" అన్నాడు మా ఆయన.

అప్పటికి ఆయన మా ఊరికి వచ్చి ఏడాది దాటింది. లేపాక్షి గుడి పైకప్పు మీది బొమ్మలు చూడటానికి వచ్చాడు. ఆ బొమ్మల అంచులే ధర్మవరం చీరల మీదికి ఎక్కుతాయని ఎవరో చెబితే, చూసి పోదామని ఇక్కడికి బస్సెక్కాడు. వీధి వీధీ తిరిగి మా గడప ముందర నిలబడ్డాడు. నడి ఎండాకాలం. మొహం మిరపపండులా ఎర్రబడి ఉంది. మా నాయన మగ్గంలో ఉన్నాడు. ఆయన మగ్గంలో ఉంటే దేవుడొచ్చినా తలెత్తడు. గడపలో నీడ పడిందని తెలిసి, అందరితో అనే మాటే ఈయనతోనూ అన్నాడు.

"యాడికి పోతాండావప్పా? ఎండపొద్దు. రోంతసేపు కూచోని పో."

మాట అర్థం కాకపోయినా మనిషి కూర్చున్నాడు. ఆ కూర్చున్న మనిషి మళ్లీ లేచి పోలేదు. ఆయన నేర్చుకున్న మొదటి తెలుగు మాట అదే. పక్క వీధిలో గది బాడుగకు తీసుకుని, రోజూ పొద్దున్నే వచ్చి మగ్గం పక్కన కూర్చునేవాడు. డిగ్రీ పాసై ఇంట్లో మగ్గానికి పేక కండెలు చుడుతున్న నేను ఆయనకు తెలుగు నేర్పుదామని వాచకం తెచ్చాను. ఆయన వాచకం పక్కన పెట్టి మా నాయన నోట్లోంచి ఊడిపడ్డ ప్రతి మాటా ఏరుకున్నాడు. ఉగ్గానీ బజ్జీ తింటూ, "ఈ పొద్దు కారం జాస్తి అయిండాది" అని మా అమ్మకే వంక పెట్టేంతగా నేర్చాడు. కళ్లు మూసుకుని వింటే మా వీధి మనిషే అనిపించేది. నేను చాలాసార్లు కళ్లు మూసుకుని విన్నాను. పెళ్లి దాకా వచ్చింది అందువల్లే. మా కులపోళ్లు నాలుగు రోజులు మొహాలు మాడ్చుకున్నారు గానీ, "మన మాట మాట్లాడేవాడు మనోడు కాకుండా ఎట్ల పోతాడు?" అని మా నాయన వాళ్ల నోళ్లు మూయించాడు.

ఆయన సినిమా వేషాలు కూడా లేపాక్షిలోనే మొదలయ్యాయి. పెళ్లయిన కొత్తలో బసవన్న దగ్గర షూటింగ్ జరుగుతోందంటే చూద్దామని పోయాం. తెల్లదొర వేషానికి బెంగుళూరు నుంచి పిలిపించిన మనిషి రాలేదట, అంతా తలలు పట్టుకుని ఉన్నారు. మేనేజర్ మా ఆయన్ను చూశాడు. ఇంగ్లీషులో ఏదో అరుస్తూ పరుగెత్తుకొచ్చాడు. మా ఆయన అతని భుజం మీద చెయ్యి వేసి, "ఏమప్పా, ఎందుకట్ల పరిగెత్తుతాండావు? నింపాదిగా సెప్పు" అన్నాడు. ఆ మేనేజర్ రెండడుగులు వెనక్కి వేశాడు. యూనిట్ అంతా ఒకటే నవ్వు.

నవ్వనివాడు ఒక్కడే, డైరెక్టరు. "సార్, మీరు ఈ భాష మాట్లాడితే జనం సీరియస్‌గా తీసుకోరు. దొర దొరలాగే మాట్లాడాలి" అన్నాడు. షూటింగ్‌లో నోటికొచ్చింది మాట్లాడమన్నారు. అక్కడ పలికే మాటలను పైలట్ అంటారు. అది గుర్తు కోసం రికార్డు చేసుకుంటారంతే. తరువాత డబ్బింగ్ థియేటర్‌లో తెర మీద బొమ్మ చూస్తూ, పెదాలకు తగ్గట్టు మాటలు మళ్లీ చెప్పించి, పైలట్‌ను పారేస్తారు. మొదట్లో డబ్బింగ్ కూడా ఆయన్నే చెప్పమన్నారు. వచ్చీరాని తెలుగులో చెప్పమన్నారు. అక్కడే చిక్కొచ్చింది. తెలుగు తప్పుగా మాట్లాడటం ఆయనకు రాలేదు. నాలుగు వాక్యాలు తంటాలు పడి, అయిదోదానికి అచ్చం మా నాయనలాగా మాట్లాడేసేవాడట. చివరికి మద్రాసులో ఒక డబ్బింగ్ కళాకారుడిని పిలిచారు. ఆ తరువాత మా ఆయన వేసిన వేషాలన్నిటికీ ఆయనే గొంతయ్యాడు.

కలెక్టరుగా, స్మగ్లరుగా, గనుల యజమానిగా, ఎన్ని సినిమాల్లో హీరోల చేతుల్లో తన్నులు తిన్నాడో లెక్కలేదు. ధర్మవరం టాకీసులో బొమ్మ పడగానే "మా దొర! మా దొర!" అని ఈలలు వేసేవాళ్లు. నోరు తెరవగానే, "ఏం దొరా, మద్రాసు పోతానే తెలుగు మర్సిపోయినావా?" అని గోల చేసేవాళ్లు. ఆయన లేచి నిలబడి దండం పెట్టేవాడు. నాకు మాత్రం ఒళ్లు మండేది. మా ఇంట్లో నేర్చుకున్న బంగారంలాంటి తెలుగును మూలన పడేసి, ఎవరో పళ్ల సందున నలిపిన తెలుగును ఆయన నోట్లో పెడతారా అని ఇంటికొచ్చి గిన్నెలు విసిరికొట్టేదాన్ని. "ఆ మద్రాసాయన మంచోడమ్మీ. నాకంటే బాగా దొర మాదిరి మాట్లాడతాడు" అని నవ్వేవాడు. ఇద్దరూ కలిసి టీ తాగే స్నేహం వాళ్లది.

వేషం లేని రోజుల్లో కూడా డబ్బింగ్ థియేటర్ల చుట్టూ తిరిగేవాడు. గొంతు పని అంటే ఆయనకు ప్రాణం. విమానంలో ప్రకటన, వెనకాల రేడియోలో వార్త, సంతలో గుంపు అరుపు, ఇట్లాంటి చిల్లర పనులు ఇచ్చేవాళ్లు. ఏం చెప్పి వచ్చావని అడిగితే, "ఏమో, అరవమంటే అరిచినా" అనేవాడు. సినిమా పేరు కూడా గుర్తుండేది కాదు.

కానీ మనసులో ఒక ఆశ ఉండేది. ఒక్క సినిమాలో తన మొహం, తన గొంతు కలిసి కనబడాలి. పాప పుట్టిన మరుసటేడు ఆ అవకాశం వచ్చింది. కరువు పల్లెకు వచ్చి అక్కడే ఉండిపోయిన తెల్ల డాక్టరు వేషం. పామిడి దగ్గర, నీళ్లు లేని పెన్న ఇసుకలో షూటింగ్. ఆ డైరెక్టరు మా సీమవాడే. "అన్నా, నువ్వు ఇంట్లో ఎట్ల మాట్లాడతావో అట్లే మాట్లాడు. డబ్బింగూ నువ్వే సెప్పాల" అన్నాడు. ఆస్తి రాసిచ్చినంత సంతోషపడ్డాం. పిల్లకు అన్నం పెట్టే సీను తీసిన రోజు నేను పాపను చంకనేసుకుని అక్కడే ఉన్నాను. రాసిచ్చిన మాట పక్కన పెట్టి, మా పాపతో ఇంట్లో అనేదే ఆ పిల్లతోనూ అన్నాడు. "తిను తల్లీ. నాలుగు ముద్దలు తింటే దొడ్డదానివి అయితావు." డైరెక్టరు కట్ చెప్పడం మరిచిపోయి నిలబడ్డాడు.

అప్పటికే గొంతు కొంచెం బొంగురుగా ఉండేది. ఇసుక గాలి అనుకున్నాం. డబ్బింగ్ రోజులొచ్చేసరికి మాట పీలగా అయిపోయింది. మిరియాల కషాయం తాగించాను, తమలపాకులో తేనె పెట్టాను, మా అమ్మ చిలమత్తూరు దాటి ఎవరి దగ్గరికో పోయి మందు తెచ్చింది. అనంతపురం డాక్టరు బెంగుళూరుకు పొమ్మన్నాడు. బెంగుళూరు డాక్టరు కాగితాలు చూసి, గొంతు కావాలా మనిషి కావాలా తేల్చుకోండి అన్నాడు. మనిషే కావాలన్నాను. ఇప్పుడు అడిగినా అదే అంటాను.

సినిమావాళ్లు ఆగగలిగినన్ని రోజులు ఆగారు. రిలీజు దగ్గర పడింది. మళ్లీ ఆ మద్రాసాయన్నే పిలిచారు. ఆయన పాపం థియేటర్‌లో ఏడ్చాడట, చెప్పనని మొరాయించాడట. మా ఆయనే కాగితం మీద రాసి పంపాడు, నువ్వు చెప్పకపోతే ఇంకెవరో చెబుతారు, నువ్వే చెప్పు అని. సినిమా వచ్చింది. మెడకు గుడ్డ చుట్టుకుని టాకీసులో నా పక్కన కూర్చుని చూశాడు. డాక్టరు నోరు తెరిచి "నువ్వు అన్నమ్ టినాలి" అన్నప్పుడు ఆ రోజు ఎవరూ గోల చేయలేదు. ఊరందరికీ తెలుసు. నేను తెర వైపు చూడలేక తల దించుకున్నాను. ఆయన మాత్రం నా చెయ్యి పట్టుకుని చివరిదాకా కూర్చున్నాడు.

ఆ తరువాత బతుకంతా పెదాలతోనే. శబ్దం లేకుండా పెదాలు కదిపేవాడు, నేను చదువుకునేదాన్ని. వచ్చినవాళ్లకు ఆయన మాట నేను పైకి చెప్పేదాన్ని. ఆయనకు డబ్బింగ్ నేనేనన్నమాట. ఆయన మర్యాదగా ఏదో అంటే నేను కొంచెం కారం కలిపి చెప్పేదాన్ని. కుర్చీ చేతుల మీద కొట్టి, "నేను అట్ల అన్లేదు" అని పెదాలతో అరిచేవాడు. పాపకు నా సాయం అక్కర్లేకపోయింది. అది మాటలు నేర్చిందే ఆయన పెదాలు చూసి. ఇద్దరూ వసారాలో కూర్చుని గంటలు గంటలు కబుర్లు చెప్పుకునేవాళ్లు. చూసేవాళ్లకు పిల్ల ఒక్కతే మాట్లాడుతున్నట్టు ఉండేది.

బడికి పోయే వయసులో ఒకరోజు టీవీలో ఆ డాక్టరు సినిమా వచ్చింది. పాప లేచి నిలబడింది. "నాయనా, నువ్వు మాట్లాడతాండావు!" అని కేకపెట్టి టీవీకి మొహం ఆనించింది. నేను నోరు తెరిచేలోగా ఆయన నా వైపు చూసి చెయ్యి అడ్డం పెట్టాడు. చెప్పొద్దన్నాడు. తరువాత ఆ సీడీ కొనుక్కొచ్చాడు. అన్నం తినకుండా పాప మొండికేస్తే ఆ సీను పెట్టేవాడు. ఆ మద్రాసాయన గొంతుకు సరిగ్గా తన పెదాలు కలిపి, "నువ్వు అన్నమ్ టినాలి" అని పాపకు ముద్ద పెట్టేవాడు. ఒకప్పుడు డబ్బింగ్ థియేటర్‌లో కూర్చుని ఎంత ప్రయత్నించినా రాని తప్పుడు తెలుగు, గొంతు పోయాక పెదాల మీద చక్కగా పలికింది. నేను వంటింట్లోకి పోయి నిలబడేదాన్ని.

పోయిన ఎండాకాలం ఆయన పోయాడు. జబ్బు ఊపిరితిత్తులకు వచ్చింది. మీ నాయనకు చేసినట్టే నాకూ కర్మ చేయించు అని ముందే చెప్పాడు, అట్లాగే చేశాం.

పెద్దకర్మ అయ్యాక వెతకడం మొదలుపెట్టాను. మొదట మా పెళ్లి వీడియో తీశాను. క్యాసెట్‌ను సీడీ చేయించి చూస్తే, వీడియో తీసినవాడు మొదటి నుంచి చివరిదాకా సినిమా పాటలు వేసి పెట్టాడు. తాళి కట్టే దగ్గర ఆయన మా నాయనతో ఏదో అని నవ్వుతున్నాడు, ఆ మాట మీద డోలు, సన్నాయి, జంట పాట. ఆ వీడియోవాణ్ని కసితీరా తిట్టుకున్నాను. ఆ డాక్టరు సినిమా డైరెక్టరుకు ఫోన్ చేశాను. "అక్కా, ఆ రోజుల్లో పైలట్ ఎవురు దాచిపెడతారు? డబ్బింగ్ అయితానే తుడిపేస్తారు" అని ఆయనా బాధపడ్డాడు. పోలండులో ఆయన చెల్లెలికి పాపతో మెసేజ్ పెట్టించాను. ఆ టీవీ కంపెనీ ఎప్పుడో మూతపడిందట. మేము సెల్‌ఫోన్ కొన్నది గొంతు పోయిన తరువాతే, కాబట్టి అందులో వెతకాల్సిన పని లేదు.

ఇక మిగిలినవి సినిమాలే. ఫోన్‌లో పాత సినిమాలన్నీ దొరుకుతున్నాయి. మగ్గం ఆపుకుని, ఆయన ఉన్న సినిమాలన్నీ వరసగా చూశాను. ఒకదాంట్లోనైనా ఒక దగ్గు, ఒక నవ్వు, ఒక కేక ఆయన సొంతది పొరపాటున మిగిలి ఉంటుందేమోనని చెవులు రిక్కించాను. ఏమీ లేదు. తన్నులు తిన్నప్పుడు పెట్టిన మూలుగు కూడా మద్రాసాయనదే. ప్రాణం ఉసూరుమంది. అంత పెద్ద గొంతు, మా వీధి చివరిదాకా వినిపించే గొంతు, భూమ్మీద ఎక్కడా లేకుండా ఎట్లా పోతుందని దేవుణ్ని నిలదీశాను.

చూడటం మానేశాను. షాపువాళ్లు చీర తొందర చేస్తుంటే మళ్లీ మగ్గంలో దిగాను. మగ్గంలో కూర్చుంటే కళ్లు పడుగు మీదే ఉండాలి, ఒక పోగు తెగినా అంచు పాడవుతుంది. అందుకే మా నేత ఇళ్లల్లో సినిమా చూసేది తక్కువ, వినేది ఎక్కువ. చిన్నప్పుడు రేడియోలో ఆదివారం సినిమాల మాటలు వేసేవాళ్లు, మా నాయన ఎన్నో సినిమాలను చెవులతోనే చూశాడు. ఇప్పుడు నేను ఫోన్‌లో ఏదో ఒకటి పెట్టి మగ్గం దూలం మీద ఉంచుతాను. ఒకనాటి మధ్యాహ్నం ఒక సినిమా అయిపోయి, దాని వెనకే ఇంకోటి తనంతట తను మొదలైంది. జీపులు, బాంబులు, మా సీమ మీద తీసే రకం. నేను పట్టించుకోలేదు. పడుగు పోగుల మధ్య నాడె అటూ ఇటూ పోతోంది. ఫోన్‌లో మేకల అరుపులు వినిపించాయి. ఆ వెంటనే మాట వినిపించింది.

"యాడికి పోతాండావప్పా? ఎండపొద్దు. రోంతసేపు కూచోని పో."

"ఎవురొచ్చినారు?" అన్నాను నేను. అని, గడప వైపు తిరిగి చూశాను.

మా నాయన పోయాక వచ్చినవాళ్లను ఆ మాటతో పిలిచేది మా ఆయనే కదా. గొంతున్న రోజుల్లో ఆయన వసారాలో ఆ మాట అంటే నేను లోపలి నుంచి ఎవురొచ్చినారని అడిగి, మంచినీళ్లు ముంచేదాన్ని. అలవాటుగా నోరు అడిగేసింది. గడపలో ఎవరూ లేరు. ఎండ పడి ఉంది. అప్పటికి గాని ఆయన లేడని, ఆ గొంతు లేకనే ఇన్నేళ్లయిందని నాకు తట్టలేదు. నాడె చేతిలోంచి జారిపోయింది.

ఫోన్ చేతిలోకి తీసుకుని వెనక్కి జరిపి చూశాను. రుమాలు చుట్టుకున్న ముసలాయన ఒకడు మేకలు కాస్తున్నాడు. నల్లగా, ఎండు కట్టెలా ఉన్నాడు. ఎవరో ఊరూ పేరూ తెలియని నటుడు. కత్తి పట్టుకుని పోతున్న హీరోను చూసి ఆ మాట అంటాడు. హీరో ఆగడు, పోతాడు. మేకలాయన మళ్లీ సినిమాలో కనిపించడు. ఆ నల్లటి నోట్లోంచి వచ్చేది మా ఆయన గొంతు. సీమ మాట చెప్పేవాళ్లు ఆ రోజు డబ్బింగ్ థియేటర్‌లో దొరికి ఉండరు. మూలన కూర్చున్న తెల్ల మనిషిని పిలిచి ఉంటారు. ఈ మాట మాత్రం ఎవరూ రాసిచ్చి ఉండరు, అది మా నాయన మాట. తన మొహం ఉన్న సినిమాలన్నిటిలో వెతికాను. తను లేని సినిమాలో ఉన్నాడు.

ఆ రోజు ఎన్నిసార్లు విన్నానో నాకు తెలియదు. పొయ్యి వెలిగించలేదు. విన్న ప్రతిసారీ ఆ హీరో ఆగకుండా పోతుంటే వాడి మీద కోపం వచ్చింది. కూర్చుంటే ఏం పోయిందిరా, ఇంకో మాట మాట్లాడేవాడు కదా అని ఫోన్‌నే తిట్టాను.

పాప అనంతపురంలో పీజీ చదువుతోంది. ఆ వారం చివర ఇంటికి వచ్చింది. అన్నం తిన్నాక పక్కన కూర్చోబెట్టుకుని, "నీకు ఒక సంగతి సెప్పాలే. ఆ డాక్టరు సినిమాలో గొంతు..." అని నీళ్లు నమిలాను.

"అది నాయనది కాదు. నాకు తెలుసులేమ్మా" అంది.

"ఎప్పుడు తెలిసినాది?"

"ఎప్పుడో, సిన్నప్పుడే. నాయన పెదాలు నాకు తెలీవా? ఆ సీన్లో నాయన పెదాలు 'తిను తల్లీ, దొడ్డదానివి అయితావు' అంటాండాయి. మాట ఇంకోటి ఇనపడతాండాది. నేను ఒక్కదాన్నే ఉన్నప్పుడు సౌండు తీసేసి సూసేదాన్ని."

"మరి పెద్దకర్మ నాడు అందరి ముందర ఎందుకు పెట్టినావే?"

"నా కోసం కదమ్మా నాయన దానికి పెదాలు కలిపేది. నాకు తెలుసని నాయనకు తెలిస్తే ఎంత బాధపడునో. ఆ పొద్దు కూడా నాయన ఇంటాండాడేమో అనిపించినాది." అట్లా అని తల దించుకుంది.

ఇద్దరూ ఒకరి కోసం ఒకరు ఇన్నేళ్లు అట్లా నటించారు. అసలు నటుడు ఆయనే అనుకున్నాను గానీ ఇది ఆయన్ను మించిపోయింది. దాన్ని దగ్గరికి తీసుకుని ఇద్దరం ఏడ్చాం. తరువాత ఫోన్‌లో మేకలాయన సీను పెట్టి ఇచ్చాను. కళ్లు మూసుకుని వినమన్నాను. అది విన్నది. మళ్లీ విన్నది. నేను దాని మొహమే చూస్తున్నాను. ఇన్ని నెలలు వెతికింది ఆ మొహంలో ఒక వెలుగు చూద్దామనే. కళ్లు తెరిచి, "అమ్మా, ఈయన ఎవురో నాకు తెలీదే" అంది.

నా నెత్తిన బండ పడ్డట్టయింది. దాని తప్పేముంది? దాని నాయన శబ్దం లేని మనిషి. నేను ప్రేమించిన గొంతు దానికి పరాయి మనిషిది. ఫోన్ తీసుకుని కొంగున కట్టుకున్నంత పని చేశాను. ఆ గొంతుకు ఇక నేనొక్కదాన్నే దిక్కని అర్థమై, ఆయన రెండోసారి పోయినట్టు అనిపించింది.

మర్నాడు భోజనం కాగానే అది బస్సుకు బయల్దేరింది. మా వీధి చివరే బస్సు ఆగుతుంది. సంచి భుజాన వేసుకుని వసారాలోకి వచ్చి, ఆయన కూర్చునే అరుగు దగ్గర ఆగింది. అది ఊరికి పోయే ప్రతిసారీ ఆయన ఆ అరుగు మీద కూర్చుని పెదాలు కదిపేవాడు. అది, "బస్సు పోతాది నాయనా!" అని చెయ్యి ఊపి పరుగెత్తేది. ఒక్కసారీ ఆగింది లేదు. ఆ వయసులో ఎవరు ఆగుతారు?

ఖాళీ అరుగును చూస్తూ, "అమ్మా, ఆ ఫోను రోంత ఇట్లియ్యి" అంది. ఇచ్చాను. సీను పెట్టింది గానీ ఫోన్ వైపు చూడలేదు. అరుగు మీద ఆయన మొహం ఉండే ఎత్తున, ఆ ఖాళీలోకి చూసింది.

"యాడికి పోతాండావప్పా? ఎండపొద్దు. రోంతసేపు కూచోని పో."

"నాయన పెదాలు ఇదే అనేది" అంది. "నేను పోయే ప్రతిసారీ ఇదేనమ్మా అనేది."

సంచి దించింది. ఆయన కూర్చునే చోటు వదిలేసి, పక్కన అరుగు మీద కూర్చుంది. వీధి చివర బస్సు హారన్ కొట్టింది. కాసేపు చూసి వెళ్లిపోయింది. లే, ఇంకో బస్సుంది పో అని నేను అనలేదు.